పసుపు కోటు వచ్చేసింది

రండి, రండి, ఇలా దగ్గరికి జరగండి, ఆ బల్ల మీద ముగ్గురు పడతారు, నాలుగోవాడు పాత టైర్ల మీద సర్దుకోండి, ఏయ్, ఆ గుసగుసలు ఆపండి, నోట్లో ఏదన్నా ఉంటే మింగేసి చెవులు ఇటు పెట్టండి, ట్యూబుకి సొల్యూషన్ రాశాను, అది ఆరేలోపల కథ అయిపోవాలి, ఆరాక మీరు కాళ్ళు పట్టుకున్నా చెప్పను, అని మా సైకిలు కొట్టు ముందయితే ఈపాటికి అరిచేవాణ్ణి. ఇక్కడ వినేదెవరు? నా ముందు పదకొండు సైకిళ్ళ వెనక చక్రాలు. నా వెనక ఎవరూ లేరు. వెనక ఎవరూ లేకుండా చూసుకోవడమే ఇవాళ నా ఉద్యోగం. ఈ ఊరు ఒకప్పుడు రాజధానట. ఎంతమంది ఏలారు, ఎవరు ఎవర్ని వెనకనించి పొడిచారు, అవన్నీ అదిగో, ముందు పోతున్న ఆ ఎర్రటోపీ గైడమ్మాయి నోట్లో ఉన్నాయి, నా చెవి దాకా ఒక్కటీ రావడం లేదు. రాళ్ళు పరిచిన వీధి, ఒక్కో రాయికి సైకిలు ఎగిరిపడితే కడుపులో పేగులు చోటు మార్చుకుంటున్నాయి, అటూ ఇటూ ఎత్తైన ఇళ్ళు, పైన తీగల మీద ఆరేసిన బట్టలు, ఎవరిదో నీలం చొక్కా నీళ్ళు కారుతూ సరిగ్గా నా నెత్తి మీదే. కోట గుమ్మం దగ్గర కథ పోయింది. నాణేలు పోసే టంకశాల దగ్గర కథ పోయింది. గుర్రాలసాల దగ్గర ఒక ముక్క దొరికింది, అది దొరక్కపోయినా బాగుండేది. ఇక మిగిలినవి రెండు, గంటమేడ, ఆ తర్వాత రాణిగారి కిటికీ. గంటమేడ పోతే పోనీ. కిటికీ కథ పోతే మాత్రం నేను ఏ మొహం పెట్టుకుని ఇంటికెళ్ళాలి?

అంతా ఈ నోరు చేసిన పని. పొద్దున సైకిళ్ళిచ్చే చోట అందరం నిలబడి ఉంటే, ఆ అమ్మాయి చప్పట్లు కొట్టి, మీలో ఎవరికైనా సైకిలు బాగుచెయ్యడం తెలుసా అంది. ఊరుకోవచ్చుగా. పదకొండుమంది ఊరుకున్నారుగా. నేను ముందుకి నడిచి, తెలుసా అంటావేంటమ్మా, నేను అతుకేస్తే ఆ ట్యూబుకి ఎప్పుడైనా చిల్లు పడిందన్న సంగతే గుర్తుండదు, ఒకసారి నేను గాలి కొడితే సైకిలు మనిషితో సహా లేచి పక్కవీధి డాబా మీద వాలింది, పాపం ఆయన నిచ్చెన తెప్పించుకుని దిగాడు, అన్నాను. అందరూ నవ్వారు. నవ్వితే నాకు ఒళ్ళు తెలీదు. ఆ అమ్మాయి కూడా నవ్వి, సంచీలోంచి చేతుల్లేని పసుపుపచ్చ కోటు తీసి నా భుజాలకి తొడిగింది. "అయితే బాబాయ్, ఇవాళ మా తోకవి నువ్వే. అందరికంటే చివర రా. ఎవరి సైకిలు ఆగినా వాళ్ళతో ఆగు. నువ్వు కనిపించావంటే అందరూ వచ్చేసినట్టు." నేను గాలికొట్టిన టైరులా ఉబ్బాను. ఆ కోటు ఏమిటో రెండోచోటికి వెళ్ళాక గాని తలకెక్కలేదు. ఒక్కో చోట పది నిమిషాలే, వెనక ఇంకో సైకిళ్ళ గుంపు వస్తూ ఉంటుంది, కాపలావాడు ఈల వేస్తాడు, అందుకని ముందు చేరినవాళ్ళతోనే ఆ అమ్మాయి కథ మొదలెట్టేస్తుంది. నేను ఎవరి గొలుసో ఎక్కించి, ఎవరి సీటో బిగించి, ఆయాసపడుతూ మలుపు తిరుగుతానా, దూరం నించే చూసి చెయ్యెత్తి, "పసుపు కోటు వచ్చేసింది, పదండి!" అంటుంది. అంటే కథ అయిపోయిందనడానికి గుర్తు నేనే. పెళ్ళిభోజనానికి వెళ్ళినవాడు గడప దాటగానే, అదుగో వచ్చాడు, ఆకులెత్తండి అన్నట్టు.

అదిగో మళ్ళీ ఆగింది ఆ రెండుసీట్ల సైకిలు. కొత్తగా పెళ్ళయిన జంట, ముందు అబ్బాయి, వెనక అమ్మాయి, పొద్దున్నించీ నాలుగోసారి గొలుసు ఊడటం. ఊడదు మరి? ముందువాడు ఎడ్లబండి లాగినట్టు తొక్కుతుంటే, వెనకావిడ కాళ్ళు పైకి పెట్టుకుని మేడలు చూస్తోంది, మళ్ళీ గుర్తొచ్చినప్పుడు ఒక్క తొక్కుడు తొక్కుతుంది, గొలుసు ఎవరి మాట వినాలి? నేను మోకాళ్ళ మీద కూర్చుని గొలుసు పళ్ళ మీదకి ఎక్కిస్తుంటే ఆ అబ్బాయి, "సారీ అంకుల్, ఈవిడ తొక్కదు" అంటాడు, ఆ అమ్మాయి, "నువ్వు ఆగితేగా నేను తొక్కేది" అంటుంది. ఆ సైకిలు మాదే. అంటే ఇవాళ్టికి మాది. మా మాటల్లో ఈ ఊరి సంగతి వినీ వినీ, మా అమ్మాయి ఈ సైకిలు తిప్పుడు సంగతి కనుక్కుని, అమ్మా నాన్నా వెళ్ళిరండి అని ఆ రెండుసీట్లది మా పేరున పెట్టించింది. ముందు నేను, వెనక మా ఆవిడ. నలభై ఏళ్ళుగా నా సైకిలు వెనక క్యారియరు మీద ఒక పక్కకి కూర్చుని, నా నడుం పట్టుకుని, మెల్లిగా, మెల్లిగా అనే మనిషికి, పెడళ్ళున్న వెనక సీటు వచ్చిందని ఎంత సంబరం! తొక్కడం నేర్చుకుంటానంది. కొట్టు ముందు నేను క్యారియరు పట్టుకుని పరిగెత్తడం, ఆవిడ తొక్కడం. పట్టుకున్నావా? పట్టుకున్నా. వదలవుగా? వదలను. అంతలో బల్ల మీద కూర్చున్న పనిలేనివాళ్ళు నిన్నటి కథ ఆ తర్వాత ఏమైందని అడిగారు. నిన్నటి కథలో పిడుగుని పంపులో పట్టిన ఘట్టం. పిడుగంటే ఎంత ఉంటుందో చెప్పాలంటే రెండు చేతులూ చాచాలి కదా. చాచాను. ఆవిడ వెళ్ళి నీళ్ళ తొట్టిలో పడింది. చీలమండ విరిగింది. నొప్పికి ఏడవలేదు, తొట్టిలో కూర్చునే నా వంక చూసి, "పట్టుకున్నా అన్నావుగా" అంది. అంతే. అలా రెండుసీట్లది ఈ జంటకి పోయింది, నాకు ఒంటిసీటుది వచ్చింది.

గొలుసెక్కింది, పదండి పదండి, అమ్మా తొక్కు తల్లీ, చూపులు తర్వాత. ముందు వాళ్ళు మలుపు తిరిగిపోయారు. ఈ వీధి ఎత్తు మీదకి పోతోంది, రొట్టెలు కాల్చే కొట్టు ముందు మనుషులు వరసలో నిలబడి నా కోటు వంక చూస్తున్నారు, మునిసిపాలిటీవాడనుకున్నారేమో, ఒకావిడ నాతో తన కాలవ సంగతి చెప్పబోయింది. చెప్పుకోమ్మా, నీ కథైనా వింటాను, కానీ ఆగలేను. పోనీ గుర్రాలసాల దగ్గర ఏం విన్నానో తెలుసా? "...అందుకని చివరికి ఆ గుర్రానికే పట్టాభిషేకం చేసేశారు. అదుగో పసుపు కోటు, పదండి!" అంతే. ఎందుకని? ఏ గుర్రం? రాజు ఏమయ్యాడు? గుంపులో ఒక పళ్ళడాక్టరుగారు నా ముందే ఉంటే, ఏమండీ, గుర్రాన్ని గద్దె ఎందుకెక్కించారు అనడిగాను. "గుర్రమా? నేను ఫొటో తీస్తున్నానయ్యా, వినలా. అది సరేగాని నీ కింది పన్ను కదుల్తోందే, చూపించుకో." నా పన్ను సంగతి నేను అడిగానా? గైడమ్మాయినే పోయి అడిగితే, "చెప్పేశా కదా బాబాయ్, తర్వాత చెప్తాలే, ముందు ఆ సీటు చూడు" అంది. డాక్టరుగారి సీటే. ఈయన బరువుకి సీటు కిందికి, కిందికి, కిందికి పోతూనే ఉంటుంది, నేను బిగిస్తూనే ఉంటాను. ఇదే నా కొట్టయితే గుర్రం రాజెలా అయిందో నేనే కట్టి చెప్పేసేవాణ్ణి, చిటికెలో పని. ఎన్నికల్లో గుర్రం ఒక్కటే తన్నకుండా నిలబడిందనో, కిరీటం దాని తలకే సరిపోయిందనో. నాలుక దాకా వచ్చింది. మింగాను. ఇవాళ కట్టకూడదు.

కట్టకూడదని మాటిచ్చాను. కాలికి కట్టు కట్టించుకుని మంచం మీద కూర్చుని, దిండు సర్దుకుని, ఆవిడ చెప్పింది. "వెళ్ళు. నువ్వైనా వెళ్ళు. కానీ ఏమయ్యా, ఈసారి నీ కథలొద్దు. ఆ కిటికీ దగ్గర రాణి ఏం చేసిందో వాళ్ళు ఎలా చెబితే అలాగే పట్టుకురా. పొల్లు పోకుండా." ఆ అడగడంలో నలభై ఏళ్ళున్నాయి. పెళ్ళయి వచ్చినప్పుడు ట్రంకుపెట్టెలో రెండు చీరలు, ఒక అద్దం, ఒక బడిపుస్తకం తెచ్చుకుంది. ఐదో తరగతి మధ్యలో బడి మాన్పించారట, పుస్తకం మాత్రం వదల్లేదు. నాకు అక్షరం ముక్క రాదు. పని లేనప్పుడు కొట్లో నా పక్కన కూర్చుని వేలు పెట్టి, కూడబలుక్కుని, పైకి చదివేది. అందులో ఒక పాఠం ఈ ఊరిదే. శత్రువులు కోట చుట్టూ దిగారు, లోపల గింజల్లేవు, రాజు పడిపోయాడు, తలుపులు విరుగుతున్నాయి, అప్పుడు రాణి కిటికీ వద్దకు వచ్చి కిందికి చూసెను. అక్కడికి ఆ పేజీ అడుగు. రేపు చదువుతా అని అగ్గిపుల్ల అడ్డం పెట్టి మూసింది. మర్నాడు పొద్దున నా రెండు చేతులకీ సొల్యూషను, గుడ్డ కనపడలేదు, పుస్తకం కనపడింది, అగ్గిపుల్ల ఉన్నచోట దానంతటదే తెరుచుకుంది. నాకేం తెలుసు, నాకు కాగితాలన్నీ ఒకటే. చింపి, తుడుచుకుని, ఉండ చుట్టి పారేశాను. ఆవిడ వచ్చి చూసి, ఆ ఉండని విప్పింది, అతుక్కుపోయింది, ఇంకా విప్పింది, పీలికలైంది. కొత్త పుస్తకం కొందామంటే ఆ ఏడే పాఠాలు మార్చేశారు. మొన్నీమధ్య మా అమ్మాయి ఫోన్లో వెతికితే ఆ కిటికీ ఫొటోలు లక్ష ఉన్నాయిగాని, కథ ఉండాల్సిన చోట ఎదురుగా ఉన్న హోటల్లో గదులు ఖాళీ అని ఉంది. అప్పట్నించీ నేనే అతుకులేస్తున్నాను. రాణి తుమ్మితే కిందున్న వంద గుర్రాలు బెదిరి పోయాయన్నాను. రాణి శత్రురాజుని కాళ్ళు కడుక్కుని రమ్మంటే, వాడు కడుక్కోడానికి వెళ్ళి ఇంకా రాలేదన్నాను. రాణి సైకిలెక్కి కిటికీలోంచి దూకిందన్నాను, అప్పటికి సైకిళ్ళు పుట్టలేదుగా అంటే, అందుకేగా ఎవడూ పట్టుకోలేకపోయింది అన్నాను. ప్రతిసారీ పడీపడీ నవ్వేది. నవ్వు ఆగాక కళ్ళు తుడుచుకుని, "బాగుంది. కానీ పుస్తకంలో ఉన్నది ఇది కాదు" అనేది.

ఫోను. జేబులో కొట్టుకుంటోంది, ఒక చేత్తో హ్యాండిలు, ఒక చేత్తో చెవి. "కిటికీ వచ్చిందా?" "లేదే, గంటమేడ దగ్గరికి పోతున్నాం." "గుర్రాలసాల దగ్గర ఏం చెప్పారు?" ఏం చెప్పను? "గుర్రానికి పట్టాభిషేకం చేశారట." "ఏమయ్యా. మాటిచ్చావు." "నీ మీద ఒట్టే, నిజంగా అన్నారే!" "కిటికీ దగ్గరైనా నోరు అదుపులో పెట్టుకో" అని పెట్టేసింది. చూశారా? జన్మకో నిజం చెబితే ఇదీ మర్యాద. గంటమేడ మలుపు తిరిగేసరికి గంట టంగుమంది, ఆ మోతలోనే ఎర్రటోపీ ఇటు తిరిగింది, ఆ అమ్మాయి చెయ్యి లేచింది. పెదాలు చూస్తేనే తెలిసింది. పసుపు కోటు వచ్చేసింది, పదండి. పైన గంట, కింద నేను, ఇద్దరం మోగడానికే పుట్టాం. గంటకి కనీసం ఏం చెప్పారో వినపడి ఉంటుంది.

సరే, ఇక ఒక్కటే. ఈసారి ఎవరేమైనా సరే ఆగను. డాక్టరుగారి సీటు నేలకి దిగినా సరే, దాటుకుని పోతాను. దూరంగా గోడ కనిపిస్తోంది, తేనెరంగు రాళ్ళ గోడ, పైన నల్లగా చిన్న చదరం, అదే, అదే కిటికీ, మా కొట్టు గల్లాపెట్టె మూతంత కూడా లేదు, దీనికోసమా నలభై ఏళ్ళు, తొక్కు, తొక్కు, రెండు వందల గజాలు, అప్పుడు నా ముందు టప్పుమని మోత. నా చెవికి ఆ మోత పిల్ల ఏడుపు లాంటిది, ఎంత గోలలో ఉన్నా తెలుస్తుంది. రెండుసీట్లది, వెనక టైరు. అమ్మాయి దిగింది, అబ్బాయి దిగాడు, ఇద్దరూ టైరు వంక కాదు, నా వంక చూశారు. దాటుకుని పోదామనే అనుకున్నాను. కాళ్ళు తొక్కుతూనే ఉన్నాయి, చేతులు బ్రేకు పట్టేశాయి. ఈ చేతులకి బుద్ధి లేదు. పట్టుకోవలసిన రోజు వదిలేసి, వదలవలసిన రోజు పట్టుకుంటాయి. టైరు అంచు లేపాను, ట్యూబు లాగాను, పెదవి దగ్గర పెట్టుకుని తిప్పితే గాలి సన్నగా తగిలింది, ఉప్పుకాగితంతో రుద్దాను, సొల్యూషను రాశాను. ఇక ఆరాలి. ఆరకుండా అతికితే రెండు వీధులు దాటదు. కొట్లో అయితే ఇది నా కథ టైము. అక్కడ గోడ కింద గైడమ్మాయి కథ మొదలైంది, చేతులు ఊపుతోంది, తలలన్నీ పైకి లేచాయి, నేను ఇక్కడ ట్యూబు మీద ఉఫ్ ఉఫ్ మని ఊదుతున్నాను, పొయ్యి ఊదినట్టు. ఆ కొత్తపెళ్ళికూతురు నా మొహం చూసి ఏమనుకుందో, "అంకుల్, మీకు అది వినాలని ఉందా?" అంది. పొద్దున్నించీ నన్ను ఎవరూ అడగని మాట. "మా ఆవిడకి" అన్నాను. "అయితే వెళ్ళండి, మిగతాది మేం చేస్తాం, ఏం చెయ్యాలో చెప్పండి." చెప్పాను. ఇది ఇలా అతికి, బొటనవేలితో నొక్కి వంద లెక్కపెట్టు, తర్వాత గాలి కొట్టు. లేచాను, రెండడుగులు వేశాను, వెనక్కి వచ్చాను. కోటు విప్పి ఆ అబ్బాయి భుజాల మీద వేశాను. "నాయనా, గాలి కొట్టడం అయ్యేదాకా ఇది వేసుకుని అటు రాకు."

పరిగెత్తాను, సైకిలు సంగతే మర్చిపోయి. కోటు లేకపోతే నేను ఎవరికీ కనపడలేదు. గుంపు వెనక డాక్టరుగారి వీపు చాటున నిలబడ్డాను, గైడమ్మాయి నా మీదుగా చూసింది, పసుపు లేదు, కథ ఆపలేదు. అబ్బ, ఎన్నాళ్ళకి ఒక కథ నా కోసం ఆగకుండా నడిచింది! గింజలైపోయాయంది. రాజు పడ్డాడంది. తలుపులు విరుగుతున్నాయంది. అంతా అదే, మా ఆవిడ వేలు పెట్టి చదివిందే, వరసలో అదే. నా గుండె ట్యూబులో గాలిలా ఎక్కడెక్కడో కొట్టుకుంది. "అప్పుడు రాణి ఇదిగో, ఈ కిటికీ దగ్గరికి వచ్చి కిందికి చూసింది" అంది. ఆగింది. నా ఒంటి వంక చూసుకున్నాను, కోటు లేదే. వెనక్కి చూశాను, అబ్బాయి ఇంకా గాలి కొడుతూనే ఉన్నాడు. మరి ఎందుకాగింది? "తర్వాతమ్మా?" అని అరిచాను, అందరూ తిరిగి చూశారు. "తర్వాత లేదు బాబాయ్. కోటలో జరిగేవన్నీ రాసే ఆయన అంతవరకే రాశాడు. ఆ మాట మీదే కలం ఆగిపోయింది, ఆయనా పోయి ఉంటాడు. రాణి ఏమైందో ఏ పుస్తకంలోనూ లేదు. తెలియదు గనకే ఇంతమంది చూడ్డానికొస్తారు." ఏ పుస్తకంలోనూ లేదా? మరి నేను చింపిన పేజీలో ఏముంది? మా అమ్మాయి పుస్తకాల్లో చూశాను, పాఠం అయ్యాక గీతలు గీతలుగా ఉండేవి, ఏంటివి అంటే ఖాళీలు పూరించాలి నాన్నా అనేది. అంటే నలభై ఏళ్ళ క్రితం నేను చేతులు తుడుచుకున్నది ఖాళీలకా? ఆ ఖాళీలకా నేను నలభై ఏళ్ళు అతుకులేసింది? నవ్వాలో, ఆ గోడకి తల కొట్టుకోవాలో తెలీలేదు. అంతలో వెనకనించి గంట కొట్టుకుంటూ రెండుసీట్లది వచ్చింది, ఈసారి పెళ్ళికూతురు కూడా తొక్కుతోంది, ముందు అబ్బాయి ఒంటి మీద పచ్చగా మెరుస్తూ కోటు. ఎర్రటోపీ చెయ్యెత్తింది. "పసుపు కోటు వచ్చేసింది, పదండి!" అందరూ పోయారు. నేను పోలేదు.

కిటికీ కింద నేనూ, కుర్చీలో కాపలా పెద్దాయనా మిగిలాం. ఫోను చేశాను. మొదటి మోతకే ఎత్తింది. "చెప్పు." చెప్పాను. ఒక్క అక్షరం కలపలేదు, ఒక్క తుమ్ము కలపలేదు, నా జన్మలో అంత పొట్టి కథ చెప్పలేదు. రాణి వచ్చి కిందికి చూసింది, ఆ తర్వాత ఎవరికీ తెలీదట, నేను చింపిన పేజీలో అసలు ఏమీ లేదేమోనే, అన్నాను. అటునించి నెమ్మదిగా, "ఏమయ్యా, ఎన్ని కథలు చెప్పావు, అన్నిట్లోకీ ఇదే బొత్తిగా నమ్మేలా లేదు. పేజీలో ఏమీ లేదా? తప్పు కప్పుకోడానికి ఎంత దూరం వెళ్ళావయ్యా" అంది. "నిజమే! నీ కాలి మీద ఒట్టు!" "ఆ కాలి మాట ఎత్తకు. పక్కన ఎవరైనా ఉన్నారా? పెద్దమనిషెవరైనా ఉంటే ఫోనివ్వు, నేనే అడుగుతా." ఎవరున్నారు? కాపలా పెద్దాయనకే ఇచ్చాను, స్పీకరు పెట్టి. "అన్నా, నీకు పుణ్యముంటుంది, మా ఆయన మాట నమ్మలేను. ఆ కిటికీ దగ్గరికొచ్చిన రాణి ఆ తర్వాత ఏం చేసిందో ఉన్నదున్నట్టు చెప్పు" అంది మా ఆవిడ, నలభై ఏళ్ళూ ఆ గొంతులో పెట్టి. పెద్దాయన లేచి నిలబడ్డాడు. టోపీ సర్దుకున్నాడు. మెడ పైకెత్తి కిటికీని చూశాడు, కింద రాళ్ళని చూశాడు.

"పొద్దున ఆరింటినించీ ఇక్కడ నేనే ఉన్నానమ్మా, మంచినీళ్ళకి కూడా కదల్లేదు, ఏ రాణీ ఇటు దిగలేదు. వెనక గేటునించి వెళ్ళిపోయిందేమో, ఆ గేటు నాది కాదు."